కెజాయా మజిలీ: ట్రెవోరిన్ కొండరైలు నడుమ వెలసిన గూడు

ఇంగ్లండు నైరుతి కొసన, కార్న్‌వాల్ తీరంలో ట్రెవోరిన్ అనే చిన్న రేవు ఉన్నది. బెస్తవారి ఇళ్లు కింద, ప్రార్థనాలయం పైన. నడుమ నిట్టనిలువుగా నల్లరాతి చరియ. ఆ చరియ మీద ఒకే ఇనుపతాడు రెండు కొసలకు కట్టిన రెండు బండ్లు నడుస్తాయి. పై బండి అడుగున ఉన్న తొట్టిలో వాగునీరు నింపుతారు. ఆ బరువుకు అది దిగుతూ కింది బండిని పైకి లాగుతుంది. బండ్లు ఎదురుపడే చోట, రాతిగూటిలో, ఊరిని కాచే పునీత ఎండ్రా ప్రతిమను యాత్రికులు దర్శిస్తారు. ఆ చోటికి కెజాయా మజిలీ అని పేరు.

పూర్వం ఇక్కడ బండ్లు లేవు. సున్నపురాయి, బొగ్గు, చివరకు శవపేటికలు కూడా మనుషుల భుజాల మీదనే కొండ ఎక్కేవి. విక్టోరియా రాణి కాలంలో ఇంగ్లండు తీరాన కొండరైళ్లు ఒకటొకటిగా వెలుస్తుండగా ఈ ఊరివారూ ఒకటి కట్టుకున్నారు. కట్టేటప్పుడు రాళ్లబండి తాడు తెగి ఒక పనివాడు మరణించాడు. అతని భార్యే కెజాయా. కొండపైన కాపురముండే ఆ మంత్రసానిని ఊరంతా అత్తా అని పిలిచేది. ఆమె మాత్రం ఆ పట్టాల వంక చూసేది కాదు. ఎంత వానైనా కాలిబాటనే దిగి పురుళ్లు పోసి వచ్చేది.

ఒక శరత్కాలంలో గాలివాన పట్టి కాలిబాట విరిగి సముద్రంలో పడింది. మరునాటి మధ్యాహ్నం రేవులోని ఓడ తెరచాప కొయ్యకు తెల్లదుప్పటి ఎగిరింది. బెస్త పాస్కో భార్య లవ్‌డేకు నొప్పులు మొదలైతే ఎగరేయవలసిన గుర్తు అది. ఆమెకు తొలిచూలు, బిడ్డ అడ్డం తిరిగి ఉన్నదని కెజాయాకు ముందే తెలుసు.

ఆమె తిన్నగా నీటితూము దగ్గరకు వెళ్లింది. తూము చూసే డిగరీ తల అడ్డంగా ఊపాడు.

"కింది నుంచి కబురు చెప్పే గంటతీగ తెగిపోయిందత్తా. కింది బండిలో బరువున్నదో, ఖాళీగా ఉన్నదో తెలియదు. నీళ్లు ఎక్కువైతే బండి పట్టు తప్పుతుంది."

"కొంచెం కొంచెంగా నింపు నాయనా. బ్రేకు నేను పట్టుకుంటాను."

"నువ్వా?"

"తూము వదిలి నువ్వు రాలేవు కదా."

బ్రేకు చక్రం ఎటు తిప్పితే బిగుస్తుందో అతడు చూపించాడు. పెనిమిటిని మింగిన పట్టాల మీద ఆమె మొదటిసారి కాలు పెట్టింది. తొట్టిలో నీరు పడుతున్న చప్పుడు ఆమె గుండెలోనే పడుతున్నట్టున్నది. బండి కదిలింది. తాడు కిర్రుమన్న ప్రతిసారీ ఆమె పునీత ఎండ్రాను తలచుకుని చక్రాన్ని మరికాస్త బిగించింది.

సగం దూరం వచ్చేసరికి పొగమంచులోంచి రెండవ బండి పైకి వచ్చింది. అందులో సంచుల మీద లవ్‌డే పడి ఉన్నది. మంత్రసాని దిగే దారి లేదని తలచి పాస్కోయే భార్యను పైకి తెస్తున్నాడు. ఆ క్షణం దాటితే ఆమె కిందికి, వాళ్లు పైకి. కెజాయా ఒంటి బరువంతా వేసి చక్రం తిప్పింది. ఒకే తాడు గనుక రెండు బండ్లూ ఆగాయి.

"పాస్కో, నీ బ్రేకు బిగించు. చేయి ఇవ్వు."

రెండు బండ్ల నడుమ సందు, దాని కింద నురగలు కక్కే సముద్రం. ఆమె కిందికి చూడకుండా దాటింది.

పైన డిగరీకి తాడు ఆగిపోవడం కనిపించింది గాని కారణం తెలియలేదు. బండి సగం దారిలో ఉన్నది గనుక ఇక నీరు పోయడానికీ లేదు; తూము బిగించి తాడు వంకే చూస్తున్నాడు. బండిలో కెజాయా బిడ్డను లోపలే సరిచేసి బయటికి తీసింది. మెడకు పేగు చుట్టుకుని ఉన్నది. ఒళ్లు నీలంగా ఉన్నది. ఏడుపు లేదు. ఆమె పేగు తప్పించి, నోట్లో ఊపిరి ఊది, అరికాళ్లు రుద్దింది. మళ్లీ ఊదింది. చివరికి బిడ్డ సన్నగా మూలిగి, ఆపైన గట్టిగా ఏడ్చింది.

"ఆడపిల్ల. ఇక నువ్వు ఆ బండిలోకి వెళ్లు" అన్నది కెజాయా. "అక్కడి బ్రేకు విడిచేవాళ్లు లేరు."

బిడ్డను ఎత్తుకోకుండానే పాస్కో ఆవలి బండిలోకి దాటాడు. పైకి పోతున్న ఏడుపు వినిపించినంతసేపూ వింటూ అతడు కిందికి దిగాడు.

ఆ పిల్లకు ఎండ్రా అని పేరు పెట్టారు. మరుసటి వేసవిలో పాస్కో అక్కడి రాయి తొలిచి గూడు చేసి ప్రతిమను నిలిపాడు.

నేటికీ రెండు బండ్లూ ఆ గూటి దగ్గర ఆగుతాయి. బ్రేకు పట్టిన మనిషి ఎదుటి బండిని "అందరూ క్షేమమా?" అని అడుగుతాడు. క్షేమమని జవాబు వచ్చేదాకా ఎంత ఆలస్యమైనా చక్రం వదలడు. నెలలు నిండిన స్త్రీలు కిటికీలోంచి చేయి చాపుతారు. ఎదుటి బండిలోని వారు ఎవరైనా సరే ఆ చేతిని అందుకుంటారు. అలా చేయి అందించిన తల్లులకు సుఖప్రసవమవుతుందని ట్రెవోరిన్ వారి నమ్మకం.