రాళ్లు మోసేవాళ్ల గడియ

“నేను కాలాన్ని మలిచానని ఒప్పుకోవడానికి మీకింకేం కావాలి అయ్యవారూ?” అని వేదాద్రి గురువును అడిగాడు. అడగడం కాదు, నిలదీశాడు. పన్నెండేళ్లు కాలశాలలో ఒళ్లు హూనం చేసుకున్నవాడికి ఆ మాత్రం కోపం ఉంటుంది.

నల్లగుట్ట మీది ఆ కాలశాలలో కాలాన్ని కొలవడం, సాగదీయడం, కుదించడం నేర్పేవారు. అక్కడ గడియకు ఆధారం నీటితొట్టిలో తేలే ఒక రాగి గిన్నె. దాని అడుగున సన్నని బెజ్జం ఉంటుంది. నీరు నిండి గిన్నె మునిగితే గడియ అయినట్టు, వెంటనే జేగంట కొట్టాలి. ఇక చివరి పరీక్ష ఏమిటంటే, శిష్యుడు గుట్ట మీద తనకు నచ్చిన ఒక గడియను ఎంచుకొని దాన్ని పెంచాలి, లేదా తగ్గించాలి. పది రోజుల్లో ఎవరూ కనిపెట్టకపోతే అతడు ఆచార్యుడు. పట్టపగలు చేసే దొంగతనానికి పట్టా ఇచ్చి, శాలువా కప్పి, దానికి శాస్త్రమని పేరు పెట్టుకున్నారు ఆ మహానుభావులు. ఇన్నేళ్లలో ఒక్కడైనా ఇదేం పాడు పరీక్ష అని అడిగిన పాపాన పోలేదు.

వేదాద్రికి అది తొమ్మిదో రోజు. పండితులంతా ఏ తేడా కనిపించలేదని ముందే చేవ్రాలు చేసేశారు. పనిమీద పొరుగూరు వెళ్లి నిన్ననే తిరిగొచ్చిన గురువు ఓబళయ్యగారొక్కరే చేయలేదు. చేస్తే ఈయన సొమ్మేం పోయిందని వేదాద్రి ఉడికిపోతున్నాడు.

“ఎవరి గడియ తీసుకున్నావు?” అని అడిగారు ఓబళయ్యగారు.

“కొత్త గంటమండపానికి రాళ్లు మోసే కూలీలది. మధ్యాహ్నం వాళ్లకిచ్చే విరామం. గిన్నె బెజ్జాన్ని ఆకురాయితో రాసి కాస్త పెద్దది చేశాను. నాలుగోవంతు తగ్గింది.”

“వాళ్లదే ఎందుకు?”

“వాళ్లకు లెక్కలు రావు కదా,” అన్నాడు వేదాద్రి, చాలా తెలివైన పని చేసినవాడి ధీమాతో.

ఓబళయ్యగారి ముఖం కందగడ్డలా అయింది. అయినా ఆయనకు వాదించే అలవాటు లేదు. కండువా భుజాన వేసుకొని “పద” అన్నారు. ముప్పై ఏళ్ల కిందట తాను పట్టా పుచ్చుకోవడానికి ఎవరి గడియ కాజేశారో ఆయన ఎన్నడూ ఎవరికీ చెప్పలేదు.

ఇద్దరూ మండపం దగ్గరికి వెళ్లేసరికి విరామం మొదలైంది. తొట్టిలో గిన్నె తేలుతోంది. సుంకమ్మ అనే కూలిమనిషి తలమీది చుట్టకుదురు విసిరేసి, సగం చెక్కిన స్తంభం నీడలో కూర్చొని, ఆరునెలల కూతురికి పాలిస్తోంది. పొద్దు పొడిచింది మొదలు పొద్దు గుంకేదాకా ఆ పసిదానికి తల్లి దొరికేది ఆ ఒక్క గడియే. తొమ్మిది రోజుల్లో వేదాద్రి ఒక్కసారి కూడా ఇటువైపు తొంగిచూడలేదు. గదిలో కూర్చొని తన విజయం గురించి గ్రంథం రాసుకుంటున్నాడు.

“అమ్మా, ఈ గడియ నీకెట్లా ఉంది?” అని అడిగారు ఓబళయ్యగారు.

సుంకమ్మ తల ఎత్తలేదు. “యాడిది సామీ గడియ? ముందైతే బిడ్డ ఈ పక్క తాగి, ఆ పక్క తాగి, నిద్రపోతా ఉంటే గంట పడుతుండె. ఇప్పుడు ఆ పక్కకు తిప్పుకునే లోపలే కొడుతుండారు. మొదటి దినమే తెలిసిపోయె నాకు.”

“ఎవరికీ చెప్పలేదా?”

“చెప్తి. మేస్త్రి నవ్వె. మీ కాలశాలకు వస్తే, శాస్త్రం నీకేం తెలుసు పొమ్మనిరి. నా బిడ్డకు పాలు చాలకపోయేది నాకు తెలియక ఇంకెవురికి తెలుస్తాది? చూడండి, ఎట్ల ఎండిపోయిందో.”

ఆమె బిడ్డ చెయ్యి పట్టుకొని పైకెత్తింది. దిష్టికి మణికట్టున కట్టిన నల్లతాడు మోచేతి దాకా జారిపోయింది. వేదాద్రి చూపు తిప్పుకోబోయాడు గానీ తిప్పుకోలేకపోయాడు.

అంతలో గిన్నె బుడుంగున మునిగింది. గంట కొట్టే మనిషి సుత్తి ఎత్తబోతుంటే ఓబళయ్యగారు దాన్ని లాక్కొని వేదాద్రి చేతిలో కుక్కారు. “నీ గడియ. నువ్వే కొట్టు,” అన్నారు.

ఆ మాటతో సుంకమ్మ తల ఎత్తి వేదాద్రిని ఎగాదిగా చూసింది. “నువ్వేనా సామీ? ఎనిమిది దినాలు వేరేవాళ్ల చేత కొట్టిస్తివి. ఈ తొమ్మిదో దినం నీ చేత్తోనే కొట్టు. నా బిడ్డ మొగం చూసి కొట్టు.”

తొమ్మిది. లెక్క రాని మనిషి ఒక్క రోజు కూడా తప్పకుండా లెక్కపెట్టింది. పన్నెండేళ్ల చదువు మీద, చేవ్రాళ్లు చేసిన పండితుల మీద, అన్నిటికంటే ఎక్కువగా తన మీద వేదాద్రికి ఒళ్లు మండిపోయింది. ఎత్తిన సుత్తిని దించేశాడు. సుంకమ్మ ఎవరి అనుమతీ అడగలేదు. బిడ్డను రెండో పక్కకు తిప్పుకుంది.

“గిన్నె మునిగి ఎంతసేపయింది! గంటేదిరా?” అని మేస్త్రి దూరం నుంచి కేకలు పెడుతూ వస్తున్నాడు. లేవబోయిన కూలీలు మళ్లీ కూర్చున్నారు.

“ఇంకెంతసేపు ఆగాలి అయ్యవారూ?” అని వేదాద్రి చిన్న గొంతుతో అడిగాడు.

ఓబళయ్యగారు అతనివైపు చూడనైనా లేదు. “నన్నడుగుతావేం? నీ పరీక్షాధికారి ఇంకా పాలు తాగుతోంది.”