కుంకుడు రసం, ఉప్పురాయి

"నియమం తప్పినవాణ్ణి ఇంకా ఇక్కడ ఉంచుకోవడం దయ అంటారా స్వామీ, చేతకానితనం అంటారా?" అని అడిగాడు పుండరీకం. తనకు కావలసిన జవాబు ఏదో ఆ అడగడంలోనే తెలిసిపోతోంది.

శబరి నది ఒడ్డున ఉన్న ఆ చిన్న ఆశ్రమంలో తారకస్వామివారికి ఒక అలవాటుండేది. కోపంతో అడిగిన ప్రశ్నకు ఆయన ఆ రోజు జవాబు చెప్పేవారు కాదు. పుండరీకానికి ఆ సంగతి అందరికన్నా బాగా తెలుసు. అయినా ఆగలేకపోయాడు. రేవు మెట్ల మీద దొరికిన ఖాళీ షాంపూ ప్యాకెట్టు ఒకటి అతని పిడికిట్లో నలుగుతోంది.

పుండరీకం ఆ ఆశ్రమంలోనే తల నెరిసినవాడు. అక్కడ అందరూ కుంకుడు రసంతోనే తలంటుకోవాలన్నది నియమం. శనివారం తలంటుకు కావలసిన సరంజామా అంతా పుండరీకం చేతి మీదుగానే జరిగేది. కొండవాళ్లు సంతకు తెచ్చిన కుంకుడుకాయల్లో ముడతలు పడి, వేలికి జిగటగా అంటుకునేవే ఏరుకొచ్చేవాడు. వాటిని చితక్కొట్టి, గింజలు తీసేసి, వేడినీళ్లలో నానబెట్టి, తెల్లటి నురగ లేచేదాకా పిసికి, పలచని గుడ్డలో వడకట్టేవాడు. శీకాయ పొడిని అన్నం వార్చిన గంజిలో కలిపేవాడు. జుట్టు మెత్తబడటానికి మందారాకులు నలిపి ఆ జిగురు ఆఖర్న పట్టించేవాడు. పెరట్లో కుంకుడు చెట్టు ఉండి కూడా, రాలిన కాయల్ని చీపురుతో ఊడ్చి పారేసి, కుంకుడుకాయ బొమ్మ వేసిన ప్యాకెట్టు కోసం అంగడికి పరిగెత్తే కాలం ఇది. అలాంటి కాలంలో ఒక మనిషి అంత శ్రమపడి రసం తీస్తుంటే, ఆ రసాన్ని కాదన్నవాడి మీద కోపం రావడంలో వింతేముంది? పైగా దొరికిన ప్యాకెట్టు మీదా సరిగ్గా ఆ బొమ్మే ఉంది.

"చూడండి స్వామీ. కాయ బొమ్మలోనే ఉంది, లోపల లేదు" అన్నాడు పుండరీకం. "మనమెవ్వరం లేవకముందే దొంగతనంగా రేవుకి పోయి, ఇది రుద్దుకుని, ఆ నురగంతా మనం తాగే నీళ్లలోకి వదిలాడు."

ఆ దొంగ అక్కడే స్తంభానికి ఆనుకుని తల వంచుకుని కూర్చున్నాడు. పేరు భార్గవ. ముప్పై దాటినవాడు. లారీ ఆఫీసులో మంచి పనిలో ఉండి, తాగుడులో పడి ఆ పనినీ, తర్వాత కాపురాన్నీ పోగొట్టుకుని, వానాకాలం మొదట్లో ఇక్కడికి వచ్చి పడ్డాడు. వచ్చిన నాటినుంచి చుక్క ముట్టలేదు.

"ఏమయ్యా, ఇది నీదేనా?" అని గద్దించాడు పుండరీకం.

"నాదేనండి."

"అయితే రేపు పొద్దున్న బస్సుకి బట్టలు సర్దుకో."

"పొమ్మంటే పోతానండి" అన్నాడు భార్గవ, తల ఎత్తకుండానే. "కానీ ఊళ్లో సెంటర్లో మాత్రం దింపొద్దని చెప్పండి. బస్సు ఆగేది వైన్ షాపు ఎదురుగానే. అక్కడ దిగితే నా కాళ్లు నా మాట వినవు."

"నీ కాళ్ల కోసం బస్సు దారి మార్చుకోదు."

స్వామివారు ఆ ప్యాకెట్టును అటూ ఇటూ తిప్పి చూసి, "ఎందుకు వాడావు నాయనా?" అని అడిగారు.

"కళ్లు మండుతున్నాయండి."

పుండరీకం నవ్వాడు. "విన్నారా స్వామీ? సీసాలకు సీసాలు గొంతులో పోసుకున్నప్పుడు మండలేదట. కుంకుడు రసం మండిందట."

ఇక్కడ వెనకటి సంగతి ఒకటి చెప్పాలి. కుంకుడు రసం కళ్లలో పడితే నోట్లో ఉప్పురాయి వేసుకోవడం మన ఇళ్లలో ఎప్పటినుంచో ఉన్నదే. తలంటు పోసే పెద్దవాళ్లు ముందుగా ఉప్పు తెచ్చి పిల్లల చేతిలో పెట్టి, ఆ తర్వాతే చెంబు ఎత్తేవాళ్లు. ఉప్పు మంటను లాగుతుందో, నాలుకకు ఒక పని దొరికితే కన్ను తన బాధ మరిచిపోతుందో ఎవరూ తేల్చలేదు గానీ, చిన్నప్పుడు ఆ ఉప్పు చప్పరించినవాళ్లెవరూ అది పనిచెయ్యదని అనరు. ఆశ్రమంలో కూడా నూతి దగ్గర గూట్లో ఉప్పుడబ్బా ఒకటి ఉండేది. భార్గవ వచ్చాక మొదటి శనివారం ఆ డబ్బాలోంచి ఒక రాయి తీసి చేతిలో పట్టుకుని పీట మీద కూర్చున్నాడు. పుండరీకం అతని పిడికిలి విప్పించి ఆ రాయిని అవతల పారేయించాడు. "ఇది ఆశ్రమం, మీ అమ్మమ్మగారి ఇల్లు కాదు. మంట ఓర్చుకోవడం కూడా సాధనే" అన్నాడు. ఆ రోజే డబ్బాను గూట్లోంచి తీసి వంటింట్లో పెట్టించాడు.

ఇప్పుడు స్వామివారితో కూడా ఆ సంగతి తన క్రమశిక్షణకు సాక్ష్యంగానే చెప్పుకున్నాడు.

స్వామివారు అంతా విని, "రేపు శనివారం కదా, పుండరీకం. నాకు నువ్వే తలంటు పొయ్యి" అన్నారు.

స్వామివారు ఏనాడూ ఒకరిచేత తలంటు పోయించుకున్నవారు కాదు. తీర్పు తన వైపే వచ్చిందనుకున్నాడు పుండరీకం. మర్నాడు రసం ఎన్నడూ లేనంత చిక్కగా తీశాడు. భార్గవ సంచీ పక్కన పెట్టుకుని, బస్సు కోసం అరుగు మీద కూర్చున్నాడు. స్వామివారు నూతి దగ్గర పీట మీద కూర్చుని, భుజాల దాకా ఉన్న తెల్లజుట్టు ముందుకు వేసుకుని తల వంచారు.

నూనె అంటుతున్నంతసేపూ పుండరీకం ఊరుకున్నాడు. చెంబు ఎత్తగానే కోపమూ లేచింది. మొదటి చెంబుతో పాటు కంపెనీలవాళ్లను తిట్టాడు. రెండో చెంబుతో, వాళ్ల మాటలు నమ్మి తాతల నాటి తలంటు మరిచిపోయిన జనాన్ని తిట్టాడు. ఆ కోపంలో అబద్ధమేమీ లేదు. మూడో చెంబు ముంచేసరికి భార్గవ మీదికి వచ్చాడు.

"తాగుబోతును నమ్మకూడదు స్వామీ. ఇవాళ ప్యాకెట్టు దాచాడు, రేపు సీసా దాస్తాడు."

"నీకు సీసా కనబడిందా?" అంటూ స్వామివారు ముఖం పైకెత్తారు.

"కనబడేదాకా ఆగమంటారా!" అంటూనే పుండరీకం చెంబు వంపేశాడు. ఎక్కడ పోస్తున్నాడో చూసుకోలేదు. చిక్కటి రసం తెరిచి ఉన్న రెండు కళ్లలోకీ పోయింది.

స్వామివారు అరవలేదు. కళ్లు గట్టిగా మూసుకుని కుడిచెయ్యి చాపారు. పుండరీకం కంగారుగా ఆ చేతిలో చన్నీళ్లు పోశాడు. ఆయన కళ్లు కడుక్కుని మళ్లీ చెయ్యి చాపారు. తువ్వాలు పెట్టాడు. ఆయన దాన్ని పక్కన పెట్టి మళ్లీ చాపారు. అప్పుడు అర్థమైంది పుండరీకానికి. చప్పున గూటి వైపు తిరిగాడు. అక్కడ డబ్బా ఆనవాలుగా ఉప్పు మరక తప్ప ఏమీ లేదు.

అదే సమయానికి మలుపు దగ్గర బస్సు హారన్ కొట్టింది. భార్గవ అరుగు మీంచి లేచాడు. సంచీ ముట్టుకోకుండా వంటింట్లోకి వెళ్లి, ఉప్పురాయి తెచ్చి స్వామివారి అరచేతిలో పెట్టాడు. బస్సు మరోసారి హారన్ కొట్టి, ఎవరూ రాకపోయేసరికి వెళ్లిపోయింది.

స్వామివారు ఉప్పు నోట్లో వేసుకుని, చాలాసేపు కళ్లు మూసుకునే కూర్చున్నారు. పుండరీకం చెంబు పట్టుకుని నిలబడ్డాడు. అయినా పట్టు వదలలేదు.

"సాయంత్రం ఇంకో బస్సుంది స్వామీ" అన్నాడు, ఈసారి గొంతు తగ్గించి. "నేనడిగినదానికి మీరు జవాబు చెప్పనే లేదు."

స్వామివారు కళ్లు తెరిచారు. అవి మోదుగుపూలలా ఎర్రబడి ఉన్నాయి. ఉప్పురాయిని ఒక బుగ్గలోంచి ఇంకో బుగ్గలోకి మార్చుకుని, మిగిలిన రసం పొయ్యమన్నట్టు మళ్లీ తల వంచారు.

"నీ రసంలో లోపం లేదు, పుండరీకం. ఇకముందు కూడా నువ్వే తియ్యి. ఉప్పు మాత్రం ఇతని దగ్గర ఉండనీ."