జిల్లేడుకుంటకి వచ్చిన కాలేజీ

చిరుతపాలెం అడవి చూస్తుండగానే పట్నమైపోతున్న రోజుల సంగతి ఇది. రోజుకో కొత్త మేడ లేచేది, వారానికో కొత్త రోడ్డు పడేది. ఆ పట్నానికి ఒక చివర జిల్లేడుకుంట ఉండేది. ఈరమ్మ అనే గాడిద, దాని కూతురు పైడి, ఒక ముసలి ఎద్దు ఆ కుంట గట్టున మేసి, ఆ నీళ్లే తాగి బతికేవి.

పైడికి పుట్టుకతోనే ఒక విద్య వచ్చింది. నేల మీద డెక్క ఆనించి, కింద నీళ్లు ఎంత లోతున ఉన్నాయో చెప్పేసేది. చిలక పంతులమ్మ దగ్గర అక్షరాలు కూడా దిద్దుకుంది. ఆపైన చదవాలంటే అడవి మొత్తానికి ఒక్క కాలేజీ లేదు.

"దీన్ని చదివిస్తే నీళ్ల ఇంజనీరు అవుతుంది ఎద్దన్నా! ఈ బరువులు మొయ్యడం నాతోనే ఆగిపోవాలి," అని ఈరమ్మ రోజూ అనేది.

ఒకనాడు ప్లానింగు నక్క సభ పెట్టింది. ఎక్కడ రోడ్డు, ఎక్కడ మేడ అని పట్నానికి గీతలు గీసే ఉద్యోగం దానిది.

"మనకి కాలేజీ వస్తోంది! మొదటి సీట్లు మీ పిల్లలకే!" అంది నక్క.

"ఎక్కడ కడతారు బాబుగారూ?" అంది ఈరమ్మ.

"అదంతా పెద్దలు చూసుకుంటారమ్మా. ఇవాళ్టికి వచ్చినట్టు హాజరు వేసి వెళ్లండి, చాలు."

ఆ అడవిలో హాజరంటే తడిమట్టి పలక మీద డెక్క ముద్ర. పలక కింది సగంలో ముందు ముద్రలు వేయించుకుంటారు. సభలో ఏం తీర్మానించారో పై సగంలో తర్వాత తీరిగ్గా గీకి రాసుకుంటారు. ఎన్నేళ్లుగానో అదే పద్ధతి, ఎవరూ ఇదేమిటని అడిగింది లేదు.

ఎద్దు మాత్రం ఎత్తిన కాలు దించేసింది. "పైన ఏమీ రాయలేదేంటి? రాశాక వేద్దాం."

"రాసేలోపు మట్టి ఆరిపోదూ?" నక్క నవ్వింది. "అయినా పిల్లా జెల్లా లేని నీకు చదువు విలువ ఏం తెలుస్తుందిలే!"

ఎద్దు పక్కకి తప్పుకుంది. ఈరమ్మ అందరినీ తోసుకుని ముందుకెళ్లి, మొదటి ముద్ర తనే, లోతుగా దిగేలా వేసింది.

నెల తిరక్కుండా జిల్లేడుకుంట గట్టున కాలేజీకి శంకుస్థాపన రాయి పాతారు. కుంటలో మట్టి పోసి చదును చేశారు.

"మన నీళ్లు పోయాయే ఈరమ్మా," అంది ఎద్దు.

"కాలేజీ కోసమే కదన్నా. కొన్నాళ్లు ఓర్చుకుందాం."

ఇటుకలు మోసేవాళ్లు కావాలన్నారు. ఈరమ్మ కూలి అడగకుండా రెండేళ్లు మోసింది. ఒక్కో బరువు దించినప్పుడల్లా "ఇది నీ తరగతి గోడకే పైడీ" అని మురిసిపోయేది. వీపు పుండు పడినా ఆగలేదు. గోడలు లేచాయి. తరగతి గదులకి ఉయ్యాల బల్లలు, పూలతోటలు ఎందుకో దానికి అర్థం కాలేదు. ఒక పొద్దున పట్నం పెద్దలైన చిరుతలు మూటాముల్లెతో ఆ గదుల్లోకి దిగాయి.

ఈరమ్మ కూతుర్ని వెంటబెట్టుకుని ఆఫీసుకి పరిగెత్తింది. "బాబుగారూ! కాలేజీలో చిరుతలు కాపురం పెడుతున్నాయి!"

"అక్కడ కాలేజీ ఎక్కడిదమ్మా? కొత్త ప్లానులో అది కొండ అవతలికి మారింది. పట్నం పెరుగుతోంది, ముందు ఇళ్లు కావాలి కదా."

"మరి మా కుంట?"

"మీరే ఇచ్చారుగా." నక్క ఎండిపోయిన పలక తెచ్చి ముందు పెట్టింది.

పైడి కూడబలుక్కుని చదివింది. "జిల్లేడుకుంటని పట్నం అవసరాలకి ఇష్టపూర్వకంగా ఇస్తున్నాం. ఇటుకలు ఉచితంగా మోస్తాం." దాని చూపు కిందికి జారింది. "అమ్మా, మొదటి కాలు నీదే."

ఈరమ్మ ఆ ముద్రలో డెక్క పెట్టి చూసుకుంది, సరిగ్గా సరిపోయింది. బిడ్డ చదువుని తన కాలితోనే తొక్కేశానని గుండె పగిలేలా ఏడ్చింది. నక్కకి ఏమైందంటారా? ఏమీ కాలేదు. ఇంకో అడవికి పెద్ద పదవి మీద వెళ్లి, అక్కడా ఒక కాలేజీ ప్రకటించింది. నాకు ఒళ్లు మండేది అక్కడే.

కుంట పోయాక నేలలోకి నీరు ఇంకడం మానేసింది. మూడేళ్లకి పట్నం బావులన్నీ అడుగంటాయి. చిరుతలకి కొండ అవతల వాగు నుంచి నీళ్లు మొయ్యాలి. ఈరమ్మ నడుం అప్పటికే వంగిపోయింది. ఆ పని పైడి మీద పడింది. దారిలో, కుంట దగ్గర్నుంచి పెకలించి కొండ అవతల పాతిన కాలేజీ రాయి ఒంటరిగా కనిపిస్తుంది. పైడి దాని పక్క నుంచే రోజుకి నాలుగుసార్లు కడవలతో వెళ్లి వస్తుంది.

ఒకరోజు చిరుత గుమ్మం ముందు పైడి ఆగి, పాత అలవాటు కొద్దీ నేల మీద డెక్క ఆనించింది.

"ఎంత లోతున ఉన్నాయే?" అంది వెనకే కుంటుతూ వచ్చిన తల్లి.

"లేవమ్మా. ఎంత లోతునా లేవు."

"ఏయ్, నీళ్లు తెచ్చావా లేదా?" లోపల్నుంచి చిరుత అరిచింది. పైడి కాలెత్తి, కడవలతో లోపలికి నడిచింది.

ఖాళీ పలక మీద ముద్ర వేశాక, దాని మీద తర్వాత రాసింది చదవగలిగినా చేతిలో మిగిలేది ఏడుపే.