తాటాకుకు పడిన ముళ్లు

ఒకానొక రాజ్యంలో రాళ్లకు కొదవ లేదు, ఆ రాజ్యమేలే ఉద్దండభూపతి మాటలకు అసలే కొదవ లేదు. ఆయనగారు తీర్పు చెప్పారంటే అది రాతి మీదికి ఎక్కి తీరాల్సిందే. సంతపేట మలుపులో "నీరు పల్లమునకు పారును" అని ఒక రాయి ఉండేది. ఇద్దరు రైతుల తగవులో రాజుగారు మూడు రోజులు ఆలోచించి చెప్పిన తీర్పట అది! నోటి నుంచి వచ్చిన మాటను వెనక్కి తీసుకోవడమంటే ఆయనకు మీసం గొరిగించుకున్నంత అవమానం.

అటువంటి రాజు కొలువుకు ఒక పొద్దున అద్దకాల కోటమ్మ వచ్చింది.

కోటమ్మ పద్దెనిమిదేళ్లు బట్టల వర్తకుడు పానకాలుతో కాపురం చేసింది. కులాలు వేరు కావడంతో తాళి కట్టడానికి అతని పెద్దలు ఒప్పుకోలేదు. "తాళి కట్టలేను గానీ నిన్ను దిక్కులేనిదాన్ని చెయ్యను" అని పానకాలు ఆ రోజుల్లోనే తాటాకు మీద రాసిచ్చాడు. కలిసున్నా విడిపోయినా, కోటమ్మ బతికున్నంత కాలం అద్దకపు సాల పక్కనున్న ఇల్లు ఆమెది, ఏటా రెండు పుట్ల ధాన్యం ఆమెది. ఆ దేశపు రివాజు ప్రకారం ఆకును చుట్ట చుట్టి, తన చేత్తోనే దారం కట్టి ముళ్లు వేశాడు. కోటమ్మ దాన్ని బియ్యపు కుండలో దాచుకుంది. ఏటా కొత్త ధాన్యం ఇంటికి రాగానే ఆ దారాన్ని పసుపునీళ్లలో ఒక్కసారి ముంచేది. రంగు వెలిసిపోవడం ఆవిడకు గిట్టదు.

అలాంటి పానకాలు వర్తకుల పెద్ద అయ్యాడు. పదవి రాగానే పరువు గుర్తొచ్చింది. వేరింటికి మారిపోయి, ధాన్యం ఆపేశాడు. ఇల్లు ఖాళీ చెయ్యమని మనుషుల చేత చెప్పించాడు. యాభై ఏళ్ల వయసులో, అద్దకపు సున్నానికి ఒరిసిపోయి వేళ్లు వంగనంటున్న చేతులతో కోటమ్మ ఎక్కడికి పోతుంది?

ఆకు చదవడానికి కొలువులో కరణం దారం కొయ్యబోయాడు.

"కొయ్యకండి బాబూ! మెల్లిగా జరిపితే వచ్చేస్తుంది" అంది కోటమ్మ కంగారుగా.

కరణం విసుక్కుంటూనే దారాన్ని పక్కకు లాగి, ఆకు విప్పి చదివాడు.

"రాసిన మాట నిజమే మహారాజా!" అన్నాడు పానకాలు. "కానీ ఈవిడ నాకేమవుతుంది? మెడలో తాళి లేదు. పెళ్లాం కానిదానికి మనోవర్తి ఏమిటి?"

రాజుగారి కళ్లు మెరిశాయి. రాతికి పనికొచ్చే మాట ఒకటి లోపల్నుంచి తన్నుకొస్తోంది. మీసం దువ్వి, గొంతు సవరించుకున్నారు.

"మూడు ముళ్లు పడని మాట చెల్లదు!"

కొలువంతా ఆహా అంది. అనకపోతే ఊరుకుంటారా!

"నన్ను పెళ్లామనమని అడగడానికి రాలేదు దొరా" అంది కోటమ్మ. "ఆ పేరు లేకుండానే ఇన్నేళ్లూ బతికాను. ఇస్తానని రాసింది ఇప్పించమని వచ్చాను."

"తీర్పు అయిపోయింది. రేపే మా శిల్పి లింగాచారి రాయి మొదలుపెడతాడు. అది సంతపేటలో నిలిచిన రోజున నువ్వు ఇల్లు వదలాలి. రాయి నిలిచాక లింగాచారికి పుట్టి జొన్నలు ఇస్తాం" అన్నారు రాజుగారు.

కోటమ్మ బయటికొచ్చి మెట్ల మీద కూలబడింది. ఏడుపు కంటే సిగ్గు ఎక్కువగా ఉంది. నలుగురిలో పెళ్లాం కానిదని అనిపించుకోవడానికా ఇంత దూరం వచ్చింది!

వెనకే కొలువులో చమత్కారి అని పేరున్న బాచన్న వచ్చి పక్కన కూర్చున్నాడు. ఆకు చేతిలోకి తీసుకుని, దాని మీది దారాన్ని వేలితో తడిమి చూశాడు.

"రంగు బాగా పట్టింది అక్కా! రేపు దీన్ని ఇలాగే పట్టుకురా. ఈ రాత్రికి మాత్రం కడుపునిండా తిని పడుకో" అన్నాడు. ఆ పైన లింగాచారి ఇంటి దారి పట్టాడు.

మర్నాడు కొలువు తీరింది. వర్తకుల పెద్దగా పానకాలు తన చోట కూర్చున్నాడు, కోటమ్మ ఆకుతో ఒక పక్కన నిలబడింది. అంతలో లింగాచారి లోపలికొచ్చాడు. ఆరడుగుల మనిషి, బొంగరాల్లాంటి మీసాలు. చేతిలో ఉలి లేదు, సుత్తి లేదు. చంకలో పెళ్లిపీట, పళ్లెంలో కొబ్బరికాయ, పసుపుకొమ్ము కట్టిన తాడు. పీట సింహాసనం ముందు వేసుకుని కూర్చుని, కొత్త పెళ్లికూతురిలా తల వంచాడు.

"ఏమిటీ వేషం?" అని గర్జించారు రాజుగారు.

"రాయి నిలిచాక పుట్టి జొన్నలిస్తామని సెలవిచ్చారు ప్రభూ. మూడు ముళ్లు పడని మాట చెల్లదని కూడా తమరే సెలవిచ్చారు. పిల్లలు గలవాణ్ణి. ముందు ఆ ముళ్లు వేసేస్తే ధైర్యంగా పని మొదలుపెడతాను."

ఎవరో కిసుక్కున నవ్వి, దగ్గులోకి దించారు.

"నీ తల తీయించగలను!"

"తీయించవచ్చు ప్రభూ" అన్నాడు బాచన్న వినయంగా. "కానీ తర్వాత వచ్చే శిల్పి కూడా తాళే అడుగుతాడు. బయట వంటవాళ్లు, మావటీలు బారులు తీరారు. అందరూ తమ మాట నమ్ముకుని బతికేవాళ్లే, ఒక్కరి మెడలోనూ తాళి లేదు. ఇంతమందిని కట్టుకోవాలంటే మహారాణిగారిని ఒక్కమాట అడగడం మంచిదేమో."

సేనాపతి తనకు తెలియకుండానే మెడ తడుముకున్నాడు.

"వీళ్లు పని చేస్తారు, మేం కూలి ఇస్తాం. ఆవిడ సంగతి వేరు" అన్నారు రాజుగారు. గొంతులో మునుపటి జోరు లేదు.

కోటమ్మ ముందుకొచ్చి రెండు చేతులూ చాపింది. నీలిమందు పట్టిన గోళ్లు ఇంకా నల్లగానే ఉన్నాయి.

"ఆయన అమ్మిన ప్రతి చీరా ఈ చేతుల మీదుగానే పోయింది దొరా. ఆయనకు జ్వరమొస్తే కాచిందీ ఇవే. ఇది పని కాదా?"

రాజుగారు ఆ చేతుల వంక చూశారు. తర్వాత బాచన్న వైపు వంగి, "నిజమేరా. కానీ మా మాట మార్చుకోమంటావా?" అన్నారు మెల్లగా.

"ఒక్క అక్షరం మార్చొద్దు ప్రభూ" అన్నాడు బాచన్న. కోటమ్మ దగ్గర ఆకు తీసుకుని పైకెత్తాడు. "పానకాలూ, ఈ దారం కట్టిందెవరు?"

"నేనే."

"ముళ్లు వేసిందెవరు?"

"నేనే. అది రివాజు కదా! ఇచ్చేవాడి పేర ఒకటి, పుచ్చుకునేవాళ్ల పేర ఒకటి, దేవుడి సాక్షిగా..." పానకాలు నోరు అక్కడే ఆగిపోయింది.

"ఎన్నయ్యాయి ప్రభూ?" అన్నాడు బాచన్న. "పసుపు దారం, ఆయన చెయ్యి, మూడు ముళ్లు. తమ తీర్పు ప్రకారమే ఈ మాట చెల్లుతుంది."

రాజుగారు ముందు గుర్రుగా చూశారు, ఆ పైన పొట్ట పట్టుకుని నవ్వారు. మాట దక్కింది, రాయి దక్కింది, న్యాయం కూడా దక్కింది! బాచన్నకు శాలువా కప్పించారు. లింగాచారికి జొన్నలు ముందే కొలిపించారు. ఆగిన ధాన్యం మూడు రోజుల్లో కోటమ్మ ఇంటికి చేరాలని, ఇంటి జోలికి ఎవరూ పోరాదని పానకాలును ఆజ్ఞాపించారు.

అంతటితో ఊరుకోలేదు, ఆయనకు ఉత్సాహం ముంచుకొచ్చింది.

"కోటమ్మా! పీట ఉంది, తాళి ఉంది, వరుడూ ఉన్నాడు. చెప్పు, ఇప్పుడే వీడి చేత కట్టిస్తాం!"

కోటమ్మ పానకాలును పైనుంచి కిందిదాకా ఒకసారి చూసింది. ఆకును కొంగులో మూటగట్టుకుంది.

"వద్దు దొరా" అంది. "ధాన్యం చాలు."