అచ్చియ్యమ్మ చేతులు చెప్పిన సాక్ష్యం

మీరేం చూశారో చెప్పండి. విన్నది వద్దు, అనుకున్నది వద్దు. కళ్లతో చూసిందే చెప్పండి. అది మీరనుకున్నంత తేలిక కాదు.

రాజులు రేవుల దాకా నడిచొచ్చి తీర్పులు చెప్పిన రోజుల్లో, ఒక పెద్ద ఏటి రేవులో పోలయ్య అనే సరంగు పడవ నడిపేవాడు. ఒక ఉదయం రేవు తాడు తెగింది. దానికి కట్టిన రాజుగారి విత్తనాల పడవ కొట్టుకుపోయి మునిగింది.

ముందురోజు పోలయ్య ఆ తాడు దగ్గర వంగి కూర్చున్నాడని, చేతిలో ఏదో మెరిసిందని మధ్యాహ్నానికి ఊరంతా అనుకున్నారు. పొద్దు వాలేసరికి ఆ మెరుపు కత్తి అయింది.

తాడు కోసినవాడి పడవ కాల్చేస్తారు. బతికుండగా మళ్లీ ఏటి మీదికి రానివ్వరు. పోలయ్యకు వేరే పని రాదు. తాడు బాగుచేశానని మొత్తుకున్నాడు. బాగుచేస్తే ఎందుకు తెగుతుందని అందరూ ఎగతాళి చేశారు.

విచారణకు రాజు రేవుకొచ్చాడు. ఆ రేవు ఆచారం ప్రకారం సాక్షి మోకాటిలోతు నీళ్లలో నిలబడి, చేత తాడుముక్క పట్టుకుని చెప్పాలి.

మొదట వర్తకుడు గుర్నాథశెట్టి దిగాడు. గట్టు మీద నుంచి కత్తి చూశానన్నాడు. గట్టు మీదివాళ్లకు కనబడేది పోలయ్య వీపు.

"వీపు గుండా కత్తి ఎలా కనిపించింది శెట్టీ?" అన్నాడు రాజు. శెట్టి తన మాట వెనక్కి తీసుకోకుండానే గట్టెక్కాడు.

తరువాత కాపరి బీరప్ప. అతనూ కత్తి అనే అన్నాడు. గుచ్చి గుచ్చి అడిగితే, శెట్టి మాట విన్నాకే తనకూ చూసినట్టు అనిపించిందని ఒప్పుకున్నాడు. అబద్ధమాడలేదు పాపం, నమ్మాడు.

ఇక మిగిలింది కుండలమ్మే అచ్చియ్యమ్మ. ఆమె నిజంగానే దగ్గర కూర్చుని చూసింది. కోశాడని గట్టిగా చెప్పింది.

"నోటితో వద్దమ్మా. నీ చేతిలో తాడుంది. అతను చేసింది చేసి చూపించు," అన్నాడు రాజు.

అచ్చియ్యమ్మ బొటనవేలితో తాడు పురులు విడదీసింది. ఏదో దూర్చినట్టు చేసి, లాగి బిగించింది. మళ్లీ దూర్చింది, మళ్లీ లాగింది. ఒడ్డున సరంగులు ఒకరి ముఖాలొకరు చూసుకున్నారు. ఆమె చేతులు ఆగిపోయాయి.

"కోసేవాడు లాగి బిగించడు కదా ప్రభూ," అంది నెమ్మదిగా. "తాడు తెగిందని విన్నాక అతని చేతిలో కత్తి నేనే పెట్టాను."

ఊరందరి ముందు ఆ మాట అనడానికి గుండె కావాలి. అది శెట్టికి లేకపోయింది.

రాజు తెగిన తాడు తెప్పించాడు. పోలయ్య వేసిన అతుకు చెక్కుచెదరలేదు. మూరెడు అవతల, రాతికి ఒరుసుకున్న చోట తెగింది. మెరిసింది పురులు విప్పే ఇనుప మేకు.

అచ్చియ్యమ్మ క్షమించమంది. పోలయ్య ఆమె కుండల గంప అందుకుని పడవలో పెట్టాడు.

"ఎక్కు అక్కా. ఈసారి నేనేం చేస్తున్నానో పక్కనే కూర్చుని చూద్దువుగాని."

జరిగింది తెలిశాక మనసు కారణం వెతుకుతుంది, దొరికిన కారణాన్నే జ్ఞాపకమని నమ్మిస్తుంది. వెనక్కి తిరిగి సరిచూసుకునేవాడే న్యాయం చేయగలడు. నిన్న మీరు ఒకరిని దోషి అన్నారే, అతని చేతిలో కత్తి మీరు చూశారా, మీరే పెట్టారా?