వెన్ను చూపిన సేనాపతి

ఒకానొక నల్లరేగడి రాజ్యాన్ని ఉద్దండవర్మ అనే రాజు ఏలేవాడు. ఆయనకు అనుమానం జాస్తి. వంటవాడు ముందు తిని చూపితేగాని అన్నం ముట్టడు. వాడు విరుగుడు మింగి వచ్చాడేమోనని మళ్లీ ఇంకొకడికి పెట్టిస్తాడు. అలాంటి వాడి కొలువులో యుద్ధం గెలవడమూ నేరమే అయింది.

సేనాపతి మాచయ నాయకుడు శత్రువు ఎదురుపడగానే వెన్ను చూపి పరుగెత్తాడు. ఆయన సేన చేలగట్ల మీదుగా దాటిపోయింది. తరుముకొచ్చిన శత్రువుల ఏనుగులూ గుర్రాలూ వానకు నానిన రేగడిలో కూరుకుపోయాయి. అప్పుడు మాచయ వెనక్కి తిరిగి అందరినీ బందీలుగా పట్టి తెచ్చాడు.

"గెలిచేవాడు పారిపోతాడా?" అన్నాడు రాజు. "శత్రువు తిన్నగా వీడు అనుకున్న బురదలోకే ఎలా వచ్చాడు? ఇది లాలూచీ. రేపు పొద్దున్నే వీడి తల తీయించండి."

ఆస్థాన విదూషకుడు చెన్నిభట్టు మాచయను కాపాడాలనుకున్నాడు. కాని నోరెత్తితే తననూ ఆ లాలూచీలో కలిపేస్తాడని తెలుసు. అందుకని లేచి కోట బయటికి నడిచాడు.

సాయంత్రం రాజు కోట బయట షికారుకు వచ్చాడు. చేలగట్టు మీద చెన్నిభట్టు ఏదో తాటాకు కమ్మ చదువుతున్నాడు. రాజును చూడగానే దాన్ని మొలలో దోపుకొని గట్టు వెంబడే పరుగందుకున్నాడు.

"ఆగరా, ఏమిటా కమ్మ?"

భటులు కదలబోయారు. "మీరుండండి. అందులో మీ పేర్లూ ఉన్నాయేమో" అని రాజు తానే తరిమాడు. గట్టు చుట్టూ తిరగడం దేనికని చేనికి అడ్డంపడ్డాడు. పదడుగులు వేశాడో లేదో, మోకాళ్ల దాకా దిగబడ్డాడు. కాలు లాగినకొద్దీ లోపలికే పోతోంది.

చెన్నిభట్టు తాపీగా వెనక్కి వచ్చి గట్టున గొంతుక్కూర్చున్నాడు.

"ముందా కమ్మ ఇటు తే" అని రాజు పళ్లు నూరాడు.

చెన్నిభట్టు దాన్ని రాజు చేతికందేలా విసిరాడు. రాజు దాన్ని అటూ ఇటూ తిప్పి చూశాడు. ఒక్క అక్షరం లేదు.

"ప్రభూ, తమతో నేనేమీ లాలూచీ పడలేదు" అన్నాడు చెన్నిభట్టు. "అయినా తమరు నేననుకున్న చోటికే వచ్చారు. పాపం, ఆ శత్రురాజూ అంతే."

రాజు బురద వంక చూసుకున్నాడు. మొదట సిగ్గేసింది, తరువాత నవ్వొచ్చింది. నవ్వుతూనే చేతి కంకణం తీసి చెన్నిభట్టు మీదికి విసిరాడు.

"మాచయ నాయకుడి సంకెళ్లు తీయించండి" అన్నాడు. "ఇకమీదట నన్ను చూసి ఎవడు పరుగెత్తినా, ముందు నేల చూసుకుంటాను."