తిప్పయ్య స్టేజి

ఎన్నేండ్ల కిందటి మాటో లెక్క చెప్పగలవాళ్లు ఇప్పుడు లేరు. కథ చెప్పుకునేవాళ్లు మాత్రం ఉన్నారు. దిన్నెపట్నమని ఒక ఊరు. ఆ ఊరికి తూర్పున రాళ్లూ రేగుకంపలూ తప్ప ఏమీ మొలవని ఒక బీడు. ఆ బీటిలో ఒకప్పుడు విమానాలు దిగేవంట.

ఆ బీడును చదును చేయడానికి మూడు వందల మంది మూడు ఎండాకాలాలు పని చేశారు. రాళ్లు కొట్టారు, గుంతలు పూడ్చారు, రోలరు లాగారు. పని అయిపోయాక అందరూ ఎవరి ఊరికి వాళ్లు పోయారు. తిప్పయ్య ఒక్కడే మిగిలాడు. గేటు కాపలాకు ఎవరో ఒకరు కావాలి కదా, నువ్వుండు అన్నారు. ఒక కాకీ చొక్కా ఇచ్చారు, ఒక గంట ఇచ్చారు, ఒక కట్టె ఇచ్చారు. గేటు బయటే గుడిసె వేసుకుని భార్య సుంకమ్మను తెచ్చుకున్నాడు.

తిప్పయ్యకు చదువు లేదు, భూమి లేదు. నోరు మాత్రం ఉంది.

సోమవారం ఒక విమానం, బుధవారం ఒకటి, శుక్రవారం ఒకటి. ఆకాశంలో చప్పుడు వినబడగానే తిప్పయ్య గంట కొట్టేవాడు, కట్టె తిప్పి మేకల్ని తోలేవాడు, గేటు తెరిచేవాడు. బట్టల షావుకార్లు ఎక్కేవాళ్లు, ప్లీడర్లు ఎక్కేవాళ్లు, ఆఫీసర్లు ఎక్కేవాళ్లు. పేదవాడు ఎక్కగా ఎవరూ చూడలేదు.

ఒక్కసారి తప్ప. నేల మళ్లీ బాగుచేయడానికి పిలిపించిన గిడ్డయ్య అనే కూలి చెయ్యి రోలరు కింద పడి నలిగిపోయింది. అప్పుడే బయలుదేరబోతున్న విమానం నడిపే దొర ఆ రక్తం చూశాడు. వెనక ఒక సీటు ఖాళీగా ఉంది. "ఎక్కించండి" అన్నాడు. గిడ్డయ్యను భుజానికెత్తుకుని ఎక్కించింది తిప్పయ్యే. నెల తిరక్కముందే గిడ్డయ్య పెద్ద పట్నం ఆసుపత్రి నుంచి నయమైన చెయ్యితో వచ్చి, అందరి ముందూ పిడికిలి ముడిచి చూపించాడు.

జరిగింది ఒక్కసారి. తిప్పయ్య చెప్పింది వెయ్యిసార్లు. సంతలో చెప్పాడు, తిరునాళ్లలో చెప్పాడు, బావి దగ్గర నీళ్లు తాగే బాటసారికి చెప్పాడు. "పేదోడని చూడరు. టికెట్టు అడగరు. జబ్బు మనిషి వస్తే ఎక్కించుకుంటారు, అంతే." చెప్పినకొద్దీ కథ పెరిగింది. మూడో ఏడాదికి గిడ్డయ్య చెయ్యి తెగిపోయి, పట్నం డాక్టర్లు మళ్లీ అతికించినట్టయింది. తిప్పయ్య అబద్ధమని అనుకోలేదు. మంచి మాటకు కొంచెం మసాలా వేశాననుకున్నాడు.

కాలం ఒకచోట నిలవదు. పెద్ద పట్నంలో ఇంతకు పదింతల విమానాశ్రయం కట్టారు. దిన్నెపట్నానికి కొత్త రైలు వచ్చింది. షావుకార్లు రైలెక్కారు, ప్లీడర్లు రైలెక్కారు, ఆఫీసర్లూ రైలెక్కారు. వారానికి మూడు విమానాలు రెండయ్యాయి, రెండు ఒకటయ్యాయి. ఆ ఒకటీ ఒక బుధవారం వచ్చి, ముగ్గురిని దించి, ఎవరినీ ఎక్కించుకోకుండా పోయింది. తర్వాతి బుధవారం రాలేదు.

కొన్నాళ్లకు ఒక ఆఫీసరు వచ్చి గదులకు తాళాలు వేయించాడు. స్తంభం మీద గాలి వాటం చూపే గుడ్డ దింపించాడు. గేటుకు గొలుసు బిగించాడు.

"రేపట్నుంచి నీకు పని లేదు తిప్పయ్యా" అన్నాడు.

"మరి వచ్చేటోళ్లకు ఎవురు చెప్తారు సామీ?"

"ఎవరొస్తారు ఇక్కడికి?" అని ఆఫీసరు జీపెక్కాడు.

వచ్చారు. విమానాలు ఆగిపోయాయి గాని తిప్పయ్య కథ ఆగలేదు. అది ఊరి నుంచి ఊరికి, నోటి నుంచి నోటికి కాలినడకన పోతూనే ఉంది. రోడ్డు లేని పల్లెలకు, రైలు కూత వినబడని కొండవాగులకు అది అప్పుడే చేరుతోంది.

మొదట ఒక ముసలి జంట వచ్చింది. ముసలాయనకు రెండు కండ్లూ మూసుకుపోయాయి. భార్య చెయ్యి పట్టుకుని రెండు దినాలు నడిపించుకొచ్చింది.

"ఇమానం ఏ గంటకు నాయనా?"

"ఇమానం రాదమ్మా. మూసేసినారు."

ఆమె నమ్మలేదు. కాపలావాడు పేదోళ్లను లోపలికి రానీడని అనుకుంది. సాయంత్రం దాకా ఇద్దరూ గొలుసు గేటు ముందర ఎండలో కూర్చున్నారు. పొద్దు వాలాక లేచి, వచ్చిన దారినే పోయారు. తిప్పయ్యకు ఆ పూట ముద్ద దిగలేదు.

తర్వాత ఒక అక్కాతమ్ముడు వచ్చారు. తమ్ముడి కాలు వాచి మొద్దులా ఉంది. ఈసారి తిప్పయ్య ఇంకొంచెం చెప్పాడు. "ఇమానం రాదు. అద్దో, ఆ మైలు దూరంలో తారురోడ్డు. పట్నం బస్సు పోతాది. పోండి." వాళ్లు పోయారు. మధ్యాహ్నానికి నోరెండి తిరిగొచ్చారు. అక్కడ స్టేజి లేదు, బస్సు ఆగలేదు. సుంకమ్మ నీళ్లిచ్చింది. వాళ్లూ వచ్చిన దారినే పోయారు.

మూడోసారి ఉరుకుందు అనే మనిషి వచ్చాడు. తల్లిని వీపున కట్టుకుని మోసుకొచ్చాడు. ఆమె గుండెలో ఊపిరి పిల్లికూతలు కూస్తోంది. తిప్పయ్య ఈసారి వాళ్లతో పాటే రోడ్డుకు పోయాడు. ముసలమ్మను మైలురాయికి ఆనించి కూర్చోబెట్టారు. ఒక బస్సు వచ్చింది, ఇద్దరూ చేతులెత్తారు, పోయింది. రెండోది పోయింది. మూడోది దుమ్ము చల్లుకుంటూ పోయింది. ఆ దుమ్ము అణిగేసరికి పిల్లికూతలు ఆగిపోయాయి.

ఉరుకుందు ఏడవలేదు. తల్లి మొహం మీది దుమ్ము పైగుడ్డతో తుడిచాడు. తర్వాత తిప్పయ్య వైపు చూసి మెల్లగా అన్నాడు: "మా ఊరి సంతలో చెప్పింది నువ్వే పెద్దాయనా. గిడ్డయ్య చెయ్యి సంగతి. గొంతు గుర్తు పట్టినా."

ఆ మాటలో కోపం లేదు. ఉంటే తిప్పయ్య దాన్ని భరించుండేవాడు.

ఆ వారం తిప్పయ్య మూడు సంతలు తిరిగాడు. "ఇమానాలు లేవు, మూసేసినారు, రావద్దండి" అని నోరు నొప్పిపుట్టేలా చెప్పాడు. వినేవాళ్లు విన్నారు, ఇంటికి పోయి మర్చిపోయారు. చెయ్యి అతుక్కున్న కథను పదిమందికి చెబుతారు గాని, మూతపడిన గేటు కథ ఎవరికి చెబుతారు?

ఇంటికొచ్చి కూలబడ్డాడు. "సుంకీ, ఆ మాటను నేనే నడకకు పంపినా. వెనక్కి పిలిస్తే రాలేదు."

"రాకపోతే?"

"అది యాడికొస్తాదో ఆడ నేనుండాల."

మర్నాడు ఒక బాలింతరాలు బిడ్డనెత్తుకుని వచ్చింది. బిడ్డకు ఒళ్లు కాలిపోతోంది. "ఇమానం ఏ గంటకు?" అంది.

"ఇమానం రాదు తల్లీ. బస్సు వస్తాది. రా, నేనొస్తా నీతో."

రోడ్డు పక్కన ఆమెను నిలబెట్టి తాను పోయి నడిరోడ్డు మీద నిలబడ్డాడు. మొదటి బస్సు హారను కొట్టింది. తిప్పయ్య కదల్లేదు. బస్సు మట్టిలోకి దిగి, పక్కనుంచి పోయింది. రెండో బస్సు డ్రైవరు తల బయటపెట్టి అమ్మనాబూతులు తిట్టాడు, వెనక్కి తీసి పక్కనుంచి పోయాడు. మూడో బస్సు మౌలాలి అనే డ్రైవరుది. మౌలాలి బండి ఆపి, ఇంజను ఆపి, కిందికి దిగాడు.

"ఏంది పెద్దాయనా, సావాలనా?"

"సావాలనుంటే పక్కన బావి ఉంది. ఆ బిడ్డను చూడు."

మౌలాలి చూశాడు. బిడ్డ నుదుటి మీద చెయ్యి పెట్టి, వెంటనే తీసేశాడు. "ఎక్కమ్మా" అన్నాడు. బిడ్డ బతికిందని నాలుగు దినాల తర్వాత మౌలాలే బస్సు ఆపి చెప్పిపోయాడు.

అది మొదలు. పొద్దున గేటు దగ్గర, మధ్యాహ్నం రోడ్డు మీద. వారంలో ఒకరు వచ్చేవాళ్లు, ఒక్కోసారి ముగ్గురు వచ్చేవాళ్లు. ప్రతి ఒక్కరూ అదే అడిగేవాళ్లు. ప్రతి ఒక్కరికీ తిప్పయ్య అదే చెప్పేవాడు: "ఇమానం రాదు. బస్సు వస్తాది. రా, నేనొస్తా నీతో." ఆ మైలు దూరం వాళ్ల మూటో, వాళ్ల బిడ్డో, వాళ్ల ముసలోళ్లనో మోసుకుపోయేవాడు.

బస్సు డిపోలో మౌలాలిని నిలదీశారు. స్టేజి లేనిచోట ఎందుకు ఆపుతున్నావన్నారు. "మనిషి అడ్డమున్నాడు సార్. తొక్కించమంటే రాసియ్యండి, తొక్కిస్తా" అన్నాడు మౌలాలి. ఎవరూ రాసివ్వలేదు. మిగతా డ్రైవర్లూ ఆ మాటే నేర్చుకున్నారు.

ఏండ్లు గడిచాయి. కాకీ చొక్కా అతుకులు పడింది, అతుకులూ చిరిగాయి. తిప్పయ్య మోకాళ్లు అరిగిపోయాయి. అలసిపోయాడు. ఎండకు కాదు, నడకకు కాదు. దూరం నుంచి వచ్చిన మొహంలో ఆశ ఉంటుంది కదా, "రాదు" అనగానే అది ఆరిపోవడాన్ని ప్రతిసారీ చూసి చూసి అలసిపోయాడు. ఒకరోజు దుప్పటి ముసుగేసుకుని పడుకున్నాడు. గేటు దగ్గర అలికిడి అయింది. లేవలేదు.

"పండుకో. నేను చెప్పొస్తా" అని సుంకమ్మ పోయింది. ఎంతసేపటికీ రాలేదు. మధ్యాహ్నం దాటాక చెమటలు కక్కుతూ వచ్చింది.

"యాడికి పోయినావు?" అన్నాడు తిప్పయ్య.

"చెప్పి వచ్చేద్దామనే పోయినా. వాళ్ల మొగం చూసినాక ఊరికే ఎట్లొస్తా? రోడ్డు దాకా పోయినా. ఎక్కించినా." మంచం పట్టె మీద కూర్చుని కాళ్లు నొక్కుకుంది. "ఇన్నేండ్లు ఇదెట్ల చేసినావయ్యా?"

 తిప్పయ్య లేచి ఆమెకు నీళ్లు ముంచిచ్చాడు. మర్నాటి నుంచి ఒకరోజు ఆయన, ఒకరోజు ఆమె.

తర్వాత తర్వాత రోడ్డు మీద నిలబడే శక్తి కూడా పోయింది. మైలురాయి మీద కూర్చుని చెయ్యెత్తేవాడు. బస్సు ఆగేది. ఒక మధ్యాహ్నం చెయ్యెత్తలేదు. అయినా మౌలాలి ఆపాడు. హారను కొట్టాడు. దిగిపోయి భుజం తట్టాడు. తట్టిన చెయ్యి అలాగే ఉంచేశాడు. ఎన్ని వందలమందినో ఎక్కించిన తిప్పయ్య ఆ బస్సు ఎన్నడూ ఎక్కలేదు. ఆ రోజు ఎక్కించారు. సీటులో ఉన్నవాళ్లు లేచి నిలబడ్డారు. బస్సు రోడ్డు దిగి, బీటి దారిన, గుడిసె దాకా పోయింది.

మర్నాడు మౌలాలి అలవాటు కొద్దీ మైలురాయి దగ్గర ఆపాడు. ఎవరూ లేరు. రెండో రోజు ఆపాడు. ఎవరూ లేరు. సుంకమ్మ ఇంకా ఇంట్లోంచి బయటికి రాలేదు. జనం సణిగారు: "ఎవురికోసం ఆపుతావు? ఆయన పోయె." మూడో రోజు ఒక ముసలాయన ఎండలో నిలబడున్నాడు. చంకలో మూట, కాలికి గుడ్డల కట్టు. గేటు దగ్గర అడగడానికి ఎవరూ కనబడక, దారి తప్పి రోడ్డుకొచ్చాడు.

బస్సు కిటికీ వైపు తలెత్తి చూసి ముసలాయన అడిగాడు: "ఇమానం ఏ గంటకు నాయనా?"

సణిగినవాళ్లు తలలు దించుకున్నారు. కండక్టరు కిందికి దిగాడు. మూట తన చేతిలోకి తీసుకున్నాడు.

"ఇమానం రాదు తాతా. బస్సు వచ్చింది. రా, నేనొస్తా నీతో."

అప్పట్నుంచి ఆ మైలురాయిని తిప్పయ్య స్టేజి అన్నారు. బోర్డు లేదు, నీడ లేదు, డిపో కాగితాల్లో ఆ పేరు లేదు. ఆ సీమలో ఎవరైనా ఎవరికైనా "లేదు పో" అంటే పెద్దవాళ్లు ఊరుకోరు. "లేదని చెప్పేది సగం మాటే. మిగతా సగం తిప్పయ్యను అడుగు" అంటారు. అన్నాక, చెప్పినవాడు చెప్పులేసుకుని కాస్త దూరం తోడు పోవాల్సిందే.

మౌలాలి పోయాడు, సుంకమ్మ పోయింది. విమానాలు దిగిన నేల మీద ఇప్పుడు జొన్నలు ఆరబోసుకుంటున్నారు. ఆసుపత్రులు దగ్గరికొచ్చాయి. విమానం కోసం నడిచొచ్చేవాళ్లు ఏ కాలంలోనో ఆగిపోయారు. అయినా ఆ దారిలో కొత్త డ్రైవరు ఎక్కినప్పుడల్లా, మైలురాయి దాటబోతుంటే వెనక సీట్లోంచి ఎవరో ఒకరు అంటారు: "ఆపాల నాయనా, ఒక్క నిమిషం."

డ్రైవరు ఆపుతాడు. కండక్టరు తలుపు తీసి, మెట్టు మీద నిలబడి, బీటి వైపు కండ్లకు చెయ్యి అడ్డం పెట్టుకుని చూస్తాడు. ఎవరూ రావడం లేదని తేలాకే విజిలు వేస్తాడు.